కారు డొల్ల భాగాల్లో తుప్పు పట్టకుండా మైనం కొట్టడం ఎలా?

డోర్ కింది అంచున పెయింట్ మీద చిన్న పొక్కు లేస్తుంది. గోటితో గీకితే పెచ్చు ఊడుతుంది, దాని కింద వేలు దూరేంత కంత ఉంటుంది. "నిన్నటిదాకా బాగానే ఉంది, ఇంతలో ఇలా ఎలా అయింది?" అని అడిగేవాళ్ళు చాలామంది. ఇంతలో ఏమీ కాలేదు. తుప్పు లోపలి వైపు నుంచి ఏళ్ళ తరబడి రేకును తింటూ వచ్చి ఇప్పుడు బయటికి తేలింది. కంత పడ్డాక అక్కడ కావాల్సింది వెల్డింగ్, మైనం కాదు.

ఇంకో ప్రశ్న కూడా తరచూ వస్తుంది: "అండర్‌బాడీ కోటింగ్ చేయించాను కదా, మళ్ళీ ఇదెందుకు?" ఆ కోటింగ్ కారు అడుగున బయటి వైపు పడుతుంది. మనం మాట్లాడుతున్నది రేకుల మధ్య ఉండే ఖాళీ గురించి. అక్కడికి ఆ కోటింగ్ చేరనే చేరదు.

సిద్ధాంతం ఈ ఒక్క పేరాతో సరి. కారు బాడీకి బలాన్నిచ్చే భాగాలు దాదాపు అన్నీ డొల్లవే. రెండు మూడు రేకుల్ని అంచుల దగ్గర స్పాట్ వెల్డింగ్‌తో కలిపి పెట్టెల్లా తయారు చేస్తారు. ఫ్యాక్టరీలో బాడీ మొత్తాన్ని ప్రైమర్ తొట్టిలో ముంచి తీసినా, రేకు మీద రేకు ఆనుకున్న సన్నని సందుల్లోకి ఆ పూత సరిగా పోదు. నీళ్ళు మాత్రం పోతాయి, దీపం వత్తిలోకి నూనె పాకినట్టు. డొల్లల్లో కొట్టే మైనం, అంటే కేవిటీ వ్యాక్స్, కూడా అదే దారిలో పాకుతుంది. పల్చగా లోపలికి వెళ్ళి, అందులోని సాల్వెంట్ ఆవిరైపోయాక మెత్తని పొరగా నిలుస్తుంది.

ఏ మందు వాడాలి?

మొదటిసారి చేసేవాళ్ళకు నా ఓటు మామూలు కేవిటీ వ్యాక్స్‌కే. ఆరాక మైనంలా నిలుస్తుంది, కొన్నేళ్ళు వస్తుంది.

రెండోది గొర్రె ఉన్ని నుంచి తీసే లానోలిన్ రకం. ఇది పూర్తిగా ఆరదు, జిడ్డుగానే ఉండి పాకుతూ ఉంటుంది. అప్పటికే కాస్త తుప్పు పట్టిన పాత కార్లకు బాగా పనిచేస్తుంది. కానీ ఏటా, లేదంటే రెండేళ్ళకోసారి మళ్ళీ కొట్టాలి. కొన్ని రకాల రబ్బరును ఉబ్బిస్తుంది కాబట్టి డోర్ బీడింగులకు, బుష్‌లకు తగలనివ్వకండి.

మూడోది వేడి చేసి కొట్టే గ్రీజు. వంద డిగ్రీలు దాటించి కరిగించాలి. ఫలితం గొప్పగానే ఉంటుంది, కానీ ఒళ్ళు కాలే పని. అనుభవం ఉన్నవాళ్ళకు వదిలేయండి.

వాడకూడనివి కూడా చెప్పాలి. పాత ఇంజిన్ ఆయిల్ వద్దు: కారిపోతుంది, రబ్బరును పాడు చేస్తుంది, కారు నిలిపిన చోటల్లా నేలను చెడగొడుతుంది. తారు లాంటి అండర్‌బాడీ కోటింగ్‌ను లోపల కొట్టకండి: ఎండి పగిలి, ఆ పగుళ్ళ వెనక తడిని పట్టి ఉంచుతుంది. అన్నిటికంటే ఘోరం, డబ్బాలోంచి ఉబ్బే పీయూ ఫోమ్. డోర్ల కింద ఉండే గడపలో అది నింపడమంటే తడి స్పాంజిని రేకుల మధ్య పెట్టి కుట్టేసినట్టే.

కావలసినవి

- కేవిటీ వ్యాక్స్: చిన్న కారుకు 2 నుంచి 3 లీటర్లు, పెద్దదానికి ఇంకో లీటరు. కాస్త ఎక్కువే తెచ్చుకోండి.
- స్ప్రే డబ్బా అయితే దానికి కనీసం 60 సెంటీమీటర్ల పొడవున్న సన్నని ట్యూబ్. ట్యూబ్ చివర నాజిల్ నాలుగు పక్కలా చిమ్మేది అయి ఉండాలి. ముందుకు మాత్రమే చిమ్మేది ఈ పనికి రాదు.
- ఫోన్‌కు తగిలించుకునే ఎండోస్కోప్ కెమెరా, 8 మిల్లీమీటర్ల కంటే సన్నది.
- ప్లాస్టిక్ ట్రిమ్ ఊడదీసే పనిముట్టు, విరిగిపోతాయి కాబట్టి కొన్ని అదనపు క్లిప్పులు.
- రంధ్రాలు మూసే రబ్బరు బిరడాలు.
- కేబుల్ టైలు, మెత్తని తీగ.
- మాస్కింగ్ టేప్, పాత పేపర్లు, ప్లాస్టిక్ షీట్లు, టర్పెంటైన్, గుడ్డలు.
- చేతి తొడుగులు, కళ్ళద్దాలు, పెయింటర్లు వాడే ఆవిరి మాస్క్. దుమ్ము మాస్క్ సాల్వెంట్ వాసనను ఆపదు.
- కారు ఎత్తాల్సి వస్తే యాక్సిల్ స్టాండ్లు. జాకీ ఒక్కదాన్నే నమ్మి కారు కిందికి దూరకండి.
- వంటింటి తూకం. ఎందుకో తర్వాత చెబుతాను.

కంప్రెసర్, స్ప్రే గన్ ఉంటే పని వేగంగా అవుతుంది. లేకపోయినా ఒక్క కారుకు డబ్బాలు చాలు.

వరుసగా మూడు నాలుగు పొడి రోజులు ఉన్నప్పుడు పెట్టుకోండి. కొట్టడం ఒక పూట పని. ఆరబెట్టడానికే ఎక్కువ రోజులు పడతాయి.

1. ముందు కారు చుట్టూ తిరిగి బొమ్మ గీసుకోండి

కాగితం మీద కారు ఆకారం గీసి, ఎక్కడెక్కడ రంధ్రాలు, బిరడాలు ఉన్నాయో గుర్తు పెట్టండి. నా వరుస ఇది: డోర్ల కింద మనం కాలు పెట్టి ఎక్కే గడపలు, అంటే సిల్స్; డోర్ల అడుగు; వెనక చక్రాల పైన ఉండే ఆర్చ్ అంచులు; డిక్కీ తలుపు కింది మడత; బానెట్ ముందు అంచు; అడుగున ముందు నుంచి వెనక్కి పోయే చాసిస్ మెంబర్లు, వాటిని కలిపే అడ్డ మెంబర్లు. టైమ్ లేకపోతే గడపలు, డోర్లు, వెనక ఆర్చ్‌లు మాత్రం తప్పకుండా చేయండి. సాధారణంగా ముందు పోయేవి అవే.

దాదాపు ప్రతి డొల్ల భాగానికీ ఫ్యాక్టరీ నుంచే ఏదో ఒక రంధ్రం ఉంటుంది. గడప ప్లాస్టిక్ కవరు తీస్తే బిరడాలు కనబడతాయి. కార్పెట్ అంచు ఎత్తితే కొన్ని, సీట్ బెల్ట్ ఉండే పిల్లర్ కింద ట్రిమ్ తీస్తే కొన్ని. కొత్తగా డ్రిల్ చేయకండి. ఈ మధ్య కార్లలో గడపలు, పిల్లర్ల లోపల చాలా గట్టి స్టీలు వాడుతున్నారు. దానికి కంత పెట్టడమంటే ప్రమాదంలో మిమ్మల్ని కాపాడాల్సిన భాగాన్ని మీ చేత్తో మీరే బలహీనం చేయడం. వారంటీ కూడా పోవచ్చు. ఎలక్ట్రిక్, హైబ్రిడ్ కార్లలో ఆరెంజ్ రంగు కేబుళ్ళు కనబడిన చోట చేయి పెట్టకండి, ట్యూబ్ కూడా పెట్టకండి.

2. నీళ్ళు పోయే దారులు తెరవండి

నా లెక్కలో ఈ మొత్తం వ్యవహారంలో సగం పని ఇదే. డోర్‌లోకి నీళ్ళు రావడం తప్పు కాదు. అద్దం పక్కనుంచి వస్తాయి, కింద రంధ్రాల్లోంచి పోతాయి, డోర్ తయారైందే అలా. పోయే రంధ్రం మూసుకుపోయినప్పుడే గొడవ మొదలవుతుంది.

డోర్ తెరిచి కింది అంచున వేలితో తడమండి. రెండు మూడు చోట్ల సన్నని చీలికలు తగులుతాయి. కేబుల్ టై కొసను అందులో పెట్టి మెల్లగా తిప్పండి. ఓసారి నేనలా తిప్పుతుంటే ముందు నల్లటి మట్టి ముద్ద ఒకటి జారింది. దాని వెనకే తేనెరంగు నీళ్ళు ధారగా వచ్చాయి. అప్పటికి ఆ కారు మీద చుక్క నీరు పడి పది రోజులు దాటింది. ఆ డోర్ అడుగు రేకు ఎన్నాళ్ళు అలా నానిందో!

ఇనుప మేకుతోనో స్క్రూడ్రైవర్‌తోనో పొడవకండి. అంచున ఉన్న ప్రైమర్ గీసుకుపోతే తుప్పు సరిగ్గా అక్కడే మొదలవుతుంది. ముందు అద్దం కింద వైపర్ల దగ్గర ఆకులు పేరుకునే చోటు, సన్‌రూఫ్ ఉంటే దాని నాలుగు మూలల గొట్టాలు, డిక్కీ అంచు కాలువ, ఇవి కూడా చూడండి.

3. కడగండి, ఆరబెట్టండి

లోపల మట్టి ఉంటే పై రంధ్రంలోంచి మామూలు గొట్టంతో, తక్కువ ఒత్తిడితో నీళ్ళు వదలండి. కింది నుంచి తేటగా వచ్చేదాకా కడగండి. కార్పెట్ వైపు రంధ్రాల్లోంచి నీళ్ళు క్యాబిన్‌లోకి రాకుండా చూసుకోండి. కెమెరాలో మట్టి కనబడకపోతే కడగకండి, అనవసరంగా తడి చేసుకోవద్దు.

తర్వాత బిరడాలన్నీ తీసి, కారును గాలి తగిలే పొడి చోట రెండు మూడు రోజులు వదిలేయండి. తొందరైతే బ్లోవర్‌తో ఒక్కో గడపలోకి అరగంట గాలి పెట్టండి. హీట్ గన్ వద్దు, లోపలి వైర్లు, ఫోమ్ కరుగుతాయి.

నా మొదటి కారుకు నేను ఈ దశను ఎగ్గొట్టాను. చూడ్డానికి పొడిగానే ఉందని కొట్టేశాను. రెండేళ్ళకు గడప వెనక కొస మెత్తబడింది. రేకు కోసి చూస్తే లోపల మట్టి గడ్డ, దాని మీద చక్కగా నా మైనం పొర. మైనం మట్టిని కాపాడింది, మట్టి కింద రేకు పోయింది.

4. కెమెరా పెట్టి నిర్ణయం తీసుకోండి

గోధుమ రంగు పల్చని తుప్పు ఉంటే ఫర్వాలేదు, పాకే గుణం ఉన్న వ్యాక్స్ లేదా లానోలిన్ కొట్టొచ్చు. పొరలు పొరలుగా రేకు లేస్తుంటే వదులుగా ఉన్నదంతా వ్యాక్యూమ్ క్లీనర్‌కు సన్న గొట్టం తగిలించి లాగేయండి. కింది నుంచి స్క్రూడ్రైవర్ పిడితో తట్టి చూడండి. గట్టి రేకు ఖంగుమంటుంది, చచ్చిన రేకు మొద్దుగా పలుకుతుంది. అలా పలికితే ఆగిపోయి, వెల్డింగ్ చేసేవాళ్ళకు చూపించండి.

వరుస మార్చకండి: ముందు వెల్డింగ్, తర్వాత మైనం. మైనం కొట్టిన గడప మీద వెల్డింగ్ చేస్తే లోపల మంట అంటుకుంటుంది. మైనం కొట్టిన కారు ఎప్పుడైనా యాక్సిడెంట్ రిపేర్‌కు వెళ్తే ఆ మాట అక్కడ తప్పకుండా చెప్పండి.

తుప్పును గట్టి పొరగా మార్చే రస్ట్ కన్వర్టర్ సంగతి అడుగుతారు. కంటికి కనబడి, బ్రష్‌కు అందే చోట మంచిదే. మూసి ఉన్న పెట్టెలో అది సమంగా పడిందో లేదో తెలియదు, పడని చోట తుప్పు తన పని తాను చేసుకుపోతుంది.

5. తగలకూడని వాటిని కప్పండి

మధ్య పిల్లర్ లోపల సీట్ బెల్ట్ చుట్టుకునే రీలు, చాలా కార్లలో దాంతో పాటే బెల్ట్‌ను లాగి బిగించే ప్రిటెన్షనర్ ఉంటాయి. అందులోకి మైనం పోతే బెల్ట్ అవసరమైనప్పుడు పనిచేయకపోవచ్చు. అందుకే పిల్లర్‌లో రీలు కంటే కింద మాత్రమే కొట్టండి. పైన రూఫ్ అంచున కర్టెన్ ఎయిర్‌బ్యాగులు ఉండే వైపు అసలు వెళ్ళకండి. ట్రిమ్ తీసేటప్పుడు పసుపు రంగు కనెక్టర్లు కనబడితే అవి ఎయిర్‌బ్యాగువి. ఊడదీయొద్దు.

స్పీకర్లను ప్లాస్టిక్‌తో కప్పండి. బ్రేక్ డిస్కులకు కవర్లు తొడగండి. సైలెన్సర్ గొట్టం పూర్తిగా చల్లారాకే పని మొదలు పెట్టండి. మైనంలోంచి వచ్చే ఆవిరికి నిప్పు అంటుకుంటుంది, కాబట్టి తలుపులు తెరిచిన చోట, దగ్గర్లో సిగరెట్, హీటర్, గ్రైండర్ లేకుండా చేయండి.

6. మైనాన్ని గోరువెచ్చగా చేయండి

చల్లటి మైనం చిక్కగా ఉండి సందుల్లోకి పాకదు. వాతావరణం 20 డిగ్రీల పైన ఉంటే మంచిది. డబ్బాను చేయి పెట్టగలిగేంత వేడి నీళ్ళలో పది నిమిషాలు ఉంచి, బాగా గిలకొట్టండి. స్ప్రే డబ్బా 50 డిగ్రీలు దాటకూడదు. స్టవ్ మీద, మంట దగ్గర పెట్టే ఆలోచనే వద్దు, పేలిపోతుంది.

7. ముందు అట్టగొట్టంలో కొట్టి చూడండి

దీన్ని నవ్వుతూ దాటేసేవాళ్ళే ఎక్కువ. పొడవాటి అట్టగొట్టం ఒకటి తీసుకుని, ట్యూబ్ కొస దాకా తోసి, నొక్కుతూ వెనక్కి లాగండి. గొట్టాన్ని నిలువుగా చీల్చి చూడండి. పై వైపు కూడా తడిసిందా? మధ్యలో ఖాళీ పట్టీ ఏమైనా ఉందా? రెండు సార్లు చేస్తే ఎంత వేగంతో లాగాలో చేతికి తెలిసిపోతుంది. నాకు మీటరు లాగడానికి పది సెకన్లు కుదిరింది. మీ నాజిల్‌కు వేరేలా ఉండొచ్చు.

8. కొట్టడం

ట్యూబ్ మీద, నాజిల్ నుంచి 10 సెంటీమీటర్ల దగ్గర రంగు టేపు చుట్టండి. టేపు కనబడగానే ఆపేయాలి, లేకపోతే నాజిల్ బయటికి వచ్చి ముఖాన మైనం చిమ్ముతుంది. అనుభవంతో చెబుతున్నా.

గడపలు: ట్యూబ్ పూర్తిగా లోపలికి పోనిచ్చి, అప్పుడు నొక్కి, వెనక్కి లాగండి. లోపలికి తోసేటప్పుడు కొట్టకండి. చాలా కార్లలో గడప ఒక గది కాదు. మధ్యలో బలం కోసం పెట్టిన రేకు దాన్ని లోపలి గది, బయటి గది అని రెండుగా చీలుస్తుంది. ఒక రంధ్రంలోంచి కొట్టి అయిపోయిందనుకుంటే సగం ఎండుగానే ఉంటుంది. కొన్నిచోట్ల చప్పుడు ఆపడానికి పెట్టిన ఫోమ్ దిమ్మ అడ్డం వస్తుంది. ట్యూబ్ ఆగితే బలవంతం చేయకుండా అవతలి రంధ్రం వెతకండి. మొదటి పూత తర్వాత 20 నిమిషాలు ఆగి రెండోది కొట్టండి.

డోర్లు: అద్దం పూర్తిగా పైకి ఎత్తండి. మన గురి అడుగున 10–15 సెంటీమీటర్లు, ముఖ్యంగా బయటి రేకు లోపలికి మడిచిన అంచు. డోర్ పక్క అంచున బిరడా ఉంటే దాంట్లోంచి, లేకపోతే డోర్ ప్యాడ్ తీసి కొట్టండి. ప్యాడ్ వెనక ప్లాస్టిక్ పొర ఉంటుంది, చింపకుండా లేపి మళ్ళీ అంచంతా గట్టిగా అంటించండి. అది సరిగా అంటకపోతే తర్వాతి వానకు కార్పెట్ తడుస్తుంది. అద్దం జారే గాడుల్లో, మోటర్ మీద మైనం పడనివ్వకండి.

వెనక ఆర్చ్‌లు: డిక్కీ పక్క ట్రిమ్ తీసి లోపలి నుంచి చేరాలి. లోపలి ఆర్చ్, బయటి రేకు కలిసే గుండ్రటి అంచు మీద ధారాళంగా కొట్టండి. ఇక్కడ పొదుపు చేయకండి.

డిక్కీ తలుపు, బానెట్: మూసి ఉన్నప్పుడు ఏది కింద ఉంటుందో ఆ మడతలోకి మైనం పోవాలి. కొట్టాక మూసి ఉంచితే దానంతట అదే జారి చేరుతుంది. బానెట్‌కు కొద్దిగా చాలు, ఎక్కువైతే వేడి ఇంజిన్ మీద కారి పొగ వస్తుంది.

చాసిస్ మెంబర్లు మామూలే, గడపల పద్ధతే.

9. కారనివ్వండి, రంధ్రాలు మళ్ళీ తెరవండి

కింద ప్లాస్టిక్ షీట్లు పరిచి కారును రాత్రంతా వదిలేయండి. సందుల్లోంచి చుక్కలు కారడం మంచి గుర్తు, మైనం అవతలి దాకా పాకిందన్నమాట. మర్నాడు ప్రతి డ్రెయిన్ రంధ్రంలోనూ మళ్ళీ కేబుల్ టై పెట్టి తిప్పండి. ఇది మర్చిపోతే నీళ్ళు పోయే దారిని మీరే మైనంతో మూసినట్టు. అప్పుడు అసలు కొట్టకపోవడమే నయం. తర్వాత పక్కలకు, పైకి ఉన్న బిరడాలు పెట్టేయండి. కిందికి ఉన్న డ్రెయిన్ రంధ్రాలకు మాత్రం బిరడా వద్దు.

పెయింట్ మీద పడ్డదాన్ని టర్పెంటైన్ గుడ్డతో తుడిచేయండి. అద్దాలు ఒకటి రెండు రోజులు దించకండి. లోపల కొన్ని వారాలు వాసన ఉండొచ్చు. ఆ ఒకటి రెండు రోజులు గడిచాక, బండి నడిపేటప్పుడు అద్దాలు తెరుచుకోండి.

సరిగ్గా పడిందో లేదో ఎలా తెలుస్తుంది?

మొదటిది, తూకం. ఒక్కో భాగానికి ముందు, తర్వాత డబ్బాను తూచి రాసుకోండి. ఎడమ గడపకు 300 గ్రాములు పట్టి, కుడి గడపకు 120 మాత్రమే పడితే కుడి వైపు ట్యూబ్ ఎక్కడో ఆగింది, లేదా నాజిల్ మూసుకుంది. కంటికి రెండూ ఒకేలా కనబడతాయి, తూకానికి దొరికిపోతాయి.

రెండోది, కెమెరా. రెండు మూడు రోజులు ఆగి పెట్టండి, తడి మైనం లెన్స్‌ను పాడు చేస్తుంది. మెరిసే పొర పైనా కిందా ఆగకుండా ఉండాలి. మెరుపు లేకుండా, పొడిగా కనబడే పట్టీలు ఉంటే అక్కడ మళ్ళీ కొట్టండి. అడుగు బాగా తడిసి, పై కప్పు ఎండుగా ఉందా? నాజిల్ ఒక పక్కకే చిమ్ముతోంది. టర్పెంటైన్‌లో కడిగి చూడండి.

మూడోది నీళ్ళ పరీక్ష. వారం తర్వాత డోర్ అద్దం మీద మగ్గుతో నీళ్ళు పోయండి. కొద్దిసేపట్లో కింది నుంచి కారాలి. రాకపోతే రంధ్రం మూసుకుంది.

ఆ పైన ఏడాదికోసారి, వానలకు ముందు కెమెరా పెట్టి చూడండి. అన్నీ మళ్ళీ కొట్టనక్కర్లేదు. ఎండి పగిలిన చోట, గీసుకుపోయిన చోట అతుకు వేస్తే చాలు. ఈసారి గీసుకున్న బొమ్మ, తూకం లెక్కలు రాసిన కాగితం కారు గ్లవ్ బాక్సులో పెట్టుకోండి. వచ్చేసారి ఏ రంధ్రంలోంచి ట్యూబ్ ఎంత దూరం పోయిందో మళ్ళీ వెతుక్కునే పని ఉండదు.